హాఫన్న ఎడమ కన్ను

మొన్న సుల్తాన్ బజారులో దుప్పటి కొనడానికి ఆగాను. ఫుట్‌పాత్ మీద సోలాపూరు దుప్పట్లు పరుచుకుని కూర్చున్న మనిషికి నలభై ఏళ్ళుంటాయి. "చెయ్యి పెట్టి చూడుండ్రి సార్, చద్దర్ అంటె గిది" అన్నాడు. ఆ మాట తీరు వినగానే ఎక్కడివాడో తెలిసిపోయింది. ఒకప్పుడు నేనూ మీ సోలాపూరులో ఉన్నానని, కుంఠా నాకా దాటాక ఎడమచేతి వైపు, తెలంగాణ నుంచి వలసపోయిన నేతవాళ్ళ గల్లీలో గది తీసుకున్నానని చెప్పాను. అతను మడత పెడుతున్న దుప్పటిని సగంలో ఆపేశాడు.

"గట్లయితె మా హాఫ్ మామ మీకు ఎరికేనా?"

"ఎరుకే. వాళ్ళ ఎదురిల్లే నాది. ఎట్లా ఉన్నాడు?"

"పోయిండు సార్. పోయిన వానకాలం."

నా చెయ్యి దానంతట అదే లేచి ఎడమ కంటిని కప్పుకుంది. అతను చూసి నవ్వాడు.

"అరే, మీకు సుత ఉన్నదా అది! మా గల్లీల ముసలోళ్ళందరికి ఉన్నది."

భయం కూడా యాసలాగే అంటుకుంటుంది. హాఫన్న ఎదురింట్లో కొన్నేళ్ళు ఉన్నాను. తర్వాత పత్రిక పనిమీద ఎన్నో ఊళ్ళు తిరిగాను. అక్కడ నేర్చిన మాటలు చాలావరకు పోయాయి. ఇది మాత్రం పోలేదు.

*

అవి యాభైల నాటి రోజులు. హైదరాబాదు తెలుగు పత్రిక ఒకదానికి నేను సోలాపూరు విలేకరిని. మిల్లుల వార్తలు, కూలీల సభలు, వానకాలంలో ఫుట్‌బాల్ పోటీలు నా వంతు. హాఫన్న అసలు పేరు మిల్లు గేటు పాసు మీద తప్ప మరెక్కడా కనబడేది కాదు. ఆయన ఆడే చోటును సెంటర్ హాఫ్ అనేవారు. ముందు వరుసకూ వెనక వరుసకూ నడుమ నిలబడి, ఇటు వచ్చిన బంతిని ఆపి అటు అందించే పని. సెంటర్ హాఫ్ అన్న మాటలోంచి ఊడిపడ్డ ముక్కే ఆయనకు పేరైంది. పెద్దలు హాఫన్న అనేవారు, పిల్లలు హాఫ్ మామ అనేవారు. భార్యకు కోపం వస్తే "ఓ హాఫూ!" అని వీధి చివరి దాకా వినబడేట్టు పిలిచేది.

మనిషి పొడుగు. పాదాలు వెడల్పు. బూట్లు వేసుకునేవాడు కాదు, చీలమండలకు గుడ్డపట్టీలు చుట్టుకుని దిగేవాడు. అప్పట్లో మిల్లు యజమానులకు ఫుట్‌బాల్ జట్టు ఉండటం ఒక ముచ్చట. బాగా ఆడేవాణ్ణి ఏదో ఒక ఖాతాలో, అంటే విభాగంలో, కూలీగా చేర్చుకునేవారు. ఈయన్ని బట్టలు మడతపెట్టే ఘడీ ఖాతాలో వేశారు. మధ్యాహ్నం దాకా మడతలు, ఆ తర్వాత మైదానం.

ఆయన ఆట నేర్చింది మైదానంలో కాదు, మా గల్లీలోనే. తెల్లవారితే అక్కడ పడుగు పరిచేవారు. గల్లీ ఈ చివరి నుంచి ఆ చివరి దాకా, నడుమెత్తున, కర్రల మీద వందల దారాలు బిగించి, చెరోపక్క నడుస్తూ కుంచెలతో గంజి పట్టించేవారు. ఎండ ముదిరేలోగా ఆ పని కావాలి. ఆ వేళ అటువాళ్ళు ఇటు రావాలంటే వంగి పడుగు కింద నుంచి రావలసిందే. బిగించిన దారాన్ని దాటడమన్నది ఆ ఇళ్ళలో లేదు. ఒంటిదారమైనా సరే, నేలకు జానెడెత్తులో ఉన్నా సరే, వంగి కింద నుంచి పోవాలి. కాలెత్తి దాటితే ఆ బట్ట కట్టుకున్నవాళ్ళకు అచ్చిరాదని నమ్మకం.

అటువంటి గల్లీలో హాఫన్న, ఆయన ఈడువాళ్ళు పడుగుకు చెరోపక్క నిలబడి, బంతిని కింద నుంచి అటూ ఇటూ తన్నుకునేవారు. బంతి లేచి దారానికి తగిలిందా, కుంచె కర్రతో వీపు పగిలేది. కాబట్టి ఆయన బంతి నేల విడిచేది కాదు. ఎంత దూరమైనా నేల మీదుగా, నీళ్ళు పారినట్టు పోయి అవతలివాడి పాదం దగ్గర ఆగేది. చూడ్డానికి ఎంతో ముద్దుగా ఉండేది ఆ ఆట.

ఇంకో వింత, ఆయన మైదానంలోకి దిగేటప్పుడు చుట్టూ కట్టిన తాడును కూడా దాటేవాడు కాదు. ఆటగాళ్ళందరూ గంతేసి దూకేవారు. ఈయన మాత్రం ఆ పొడుగు ఒంటిని మడిచి తాడు కింద నుంచి దూరి వచ్చేవాడు. పరాయి ఊళ్ళలో జనం ఈలలు వేసేవారు. "కోంబ్డా ఆలా!" అని బొంబాయిలో అరిచారట, కోడి వచ్చిందని.

బొంబాయి మిల్లు ఒకటి ఆయన్ని తీసుకుపోయింది. పూనా కార్ఖానా ఒకటి తీసుకుపోయింది. హుబ్లీకి కూడా వెళ్ళొచ్చాడు. ప్రతిచోటా జరిగింది ఒక్కటే. ఎండాకాలం చివర, పొడినేల మీద ఆడించి చూసి, కళ్ళకద్దుకుని చేర్చుకునేవారు. ఆట మొదలయ్యేది వానల్లో. బురదలో బంతి దొర్లదు, చతికిలబడుతుంది. అక్కడ దాన్ని పైకెత్తి కొట్టాలి, పైనుంచి వచ్చేదాన్ని తలతో కొట్టాలి. ఆ రెండూ ఈయన చేయడు. రెండు వానలు చూసి పంపేసేవారు. వచ్చేటప్పుడు జట్టు బనీను ఒకటి చేతికిచ్చేవారు.

ఆ బనీన్లను ఆయన భార్య, నేను వదినా అని పిలిచే ఆమె, తడిపి తునికాకు చుట్టి పెట్టుకునేది, బీడీలు చుట్టేటప్పుడు ఆకు ఎండిపోకుండా. "ఇది బొంబాయిది తమ్మీ, ఇది పూనాది. పూనాది మంచిగ తడి ఆపుతది" అని నాకు చూపించేది. "పొయ్యేటప్పుడు దండ ఏస్తరు, వచ్చేటప్పుడు బనీనిస్తరు. ఇంకో రెండు ఊర్లు తిరిగిండంటె నాకు గోనెపట్టాలు కొనే పని లేదు."

హాఫన్న నవ్వేవాడు. ఆకాశం మబ్బు పట్టనంతవరకు ఆయన నవ్వు మంచి నవ్వు.

సోలాపూరు కరువు నేల. వాన ఎప్పుడు పడుతుందా అని ఊరంతా ఎదురుచూసేది. ఒక్క మనిషి మాత్రం గడపలో మోకాళ్ళు కావలించుకుని, ఈ ఒక్క ఆదివారం గడిచిపోతే బాగుండునని మబ్బుల వైపు చూసేవాడు. "ఏందయ్యా, ఊరికి కరువు తెస్తవా నీ ఆట కోసం?" అని వదిన మందలించేది. జొన్నరొట్టె ముందు పెడితే తుంపి చేతిలో పట్టుకుని అలాగే కూర్చునేవాడు.

*

బంతి తల ఎత్తున వచ్చినప్పుడు ఆయన చేసే పనిని నేను చాలాసార్లు చూశాను. పక్కకు తప్పుకోడు. మోకాళ్ళు ఉన్నచోటనే మడుచుకుపోతాయి, కుడి అరచెయ్యి ఎడమ కంటి మీదికి పోతుంది. అంత పొడుగు మనిషి క్షణంలో నేలకు దిగిపోతాడు. "బస్‌లా రే, బస్‌లా!" అని మరాఠీ జనం గొల్లుమనేవారు, కూర్చున్నాడని. ఆయన లేచి, మోకాళ్ళ బురద దులుపుకుని, ఎవరి వైపూ చూడకుండా తన చోటికి పోయి నిలబడేవాడు.

దానికి కారణం ఇంట్లోనే ఉండేది. ఆయన తండ్రి అదే మిల్లులో సాంచా నడిపినవాడు. కరెంటు మగ్గాన్ని అక్కడ సాంచా అంటారు. దానిలో పేక దారాన్ని మోసుకుంటూ ఈ చివరి నుంచి ఆ చివరికి పరుగెత్తే నాడెను ధోటా అంటారు. చిన్న పడవలాంటి కొయ్య, రెండు కొనలకూ ఉక్కు మొన. ఎప్పుడైనా లెక్క తప్పితే అది అవతలి గూట్లో ఆగకుండా బయటికి ఎగిరివస్తుంది. ఒకరోజు అలా వచ్చి ముసలాయన ఎడమ కంట్లో దిగింది. అప్పటి నుంచి ఆయన ఇంట్లోనే గుంటమగ్గం మీద చీరలు నేసేవాడు. ఎడమ వైపు ఎవరైనా పలకరిస్తే పక్షిలాగా తల మొత్తం తిప్పి చూసేవాడు. ఆ సంగతి చెప్పేటప్పుడు గొంతులో ఏ మార్పూ ఉండేది కాదు. మార్పంతా పక్కన కూర్చున్న కొడుకు ముఖంలో కనబడేది.

హాఫన్న పడుకున్నా అరచెయ్యి ఎడమ కంటి మీదే ఉండేదని వదిన చెప్పింది. సినిమా హాల్లో ఎడమ గోడ పక్క సీటు దొరికితేనే కూర్చునేవాడు. టీ దుకాణంలో ఎవరైనా గ్లాసు విసురుగా పెడితే ఉలిక్కిపడేవాడు. ఆయనతో తిరిగీ తిరిగీ నాకూ ఉలికిపాటు మొదలైంది. గల్లీలో కాకి తక్కువ ఎత్తులో ఎగిరితే ఇద్దరం ఒకేసారి చేతులు ఎత్తేవాళ్ళం. "ఒకనికి తోడు ఇంకొకడు" అని వదిన తల కొట్టుకునేది.

ఒకసారి కొత్త యంత్రాల గురించి రాయడానికి నాకు మిల్లులోకి అనుమతి దొరికింది. హాఫన్న తోడు వచ్చాడు. దారిలో సాంచా ఖాతా తలుపు ముందు నుంచి పోవాలి. ఇంకా దూరంగా ఉండగానే నేల అదురు అరికాళ్ళకు తెలిసింది. తర్వాత చప్పుడు. మాట వినబడటం మానేసింది. ఆయన నన్ను తలుపు వైపుకు జరిపి, తాను అవతలి గోడను ఆనుకుని, నా భుజం గట్టిగా పట్టుకున్నాడు. ముఖం గోడకు తిప్పుకుని నడిచాడు. తెరిచిన తలుపులోంచి దూది నలుసులు తేలివస్తున్నాయి. లోపల వరసలు వరసలుగా మనుషులు వంగి నిలబడి ఉన్నారు. వాళ్ళ ముఖాల ముందు ఆ కొయ్యముక్కలు కంటికి ఆనని వేగంతో అటూ ఇటూ పోతున్నాయి. నాకు హఠాత్తుగా అనిపించింది, ఇప్పుడు ఒకటి ఎగిరితే ముందు తగిలేది నాకే కదా అని. పరుగెత్తాలనిపించింది. ఆయన వేళ్ళు వదల్లేదు.

మలుపు తిరిగాక ఆగి ఊపిరి తీసుకున్నాడు.

"నన్ను అడ్డం పెట్టుకున్నావా అన్నా?" అన్నాను.

"పెట్టుకున్న తమ్మీ" అన్నాడు దాచకుండా. "తప్పే. కాళ్ళు ఇనలే."

"వందలమంది చేస్తున్నారు కదా ఆ పని. రోజూ చేస్తున్నారు."

"చేస్తున్నరు. వందల మందిల ఎవరికో ఒకరికి తగుల్తది, ఏండ్లకు ఒకసారి తగుల్తది. గది నాకు ఎరుకనే." చొక్కా చేతితో ముఖం తుడుచుకున్నాడు. "ఎరుక ఉంటె భయం పోతదా?"

*

ఆ ఏడాది వానలకు ముందు జట్టును చూసుకునే పాత అధికారి పదవి విరమించాడు. నేల మీది ఆట అంటే ఆయనకు ఇష్టం, హాఫన్నను ఇన్నాళ్ళు కాపాడింది ఆయనే. కొత్తగా వచ్చిన స్పిన్నింగ్ మాస్టరు మొదటి జల్లులోనే ఆటగాళ్ళను మైదానంలో నిలబెట్టి, బంతిని తానే పైకి విసిరి చూశాడు. హాఫన్న కూర్చున్నాడు. మళ్ళీ విసిరాడు. మళ్ళీ కూర్చున్నాడు.

"సెంటర్ హాఫ్‌కు తల దేనికిచ్చాడు దేవుడు, టోపీ కోసమా?" అన్నాడు మాస్టరు హిందీలో. అందరూ నవ్వారు. అతను నవ్వలేదు. "ఈ టోర్నమెంటులో తలతో ఆడితే ఘడీ ఖాతాలో ఉంటావు. ఆడకపోతే దసరా తర్వాత సాంచా ఖాతా. మిల్లుకు మడతలు పెట్టేవాళ్ళు చాలామంది ఉన్నారు."

చిత్రమేమిటంటే, జట్టువాళ్ళు వచ్చి ఆయన భుజం తట్టారు. సాంచా ఖాతాలో కూలి ఎక్కువ, పరువు ఎక్కువ. ఇంకొకడైతే స్వీట్లు పంచేవాడు. హాఫన్న ఇంటికి వచ్చి గడపలో కూర్చున్నాడు. వదిన బీడీకి దారం చుడుతూ విషయం విని, ఏ ఎత్తిపొడుపూ లేకుండా ఊరుకుంది. అది చూసి నాకు భయం వేసింది. అటు పోతే ధోటా, ఇటు ఉండాలంటే ముఖం మీదికి వచ్చే బంతి. పారిపోవడానికి ఆ మనిషికి మూడో దిక్కు లేదు.

మగ్గం గుంటలోంచి తండ్రి గొంతు వినబడింది. "రేపు మన పడుగు ఉన్నది. పొద్దుగాల లెవ్వు."

పొద్దున నేను లేచేసరికి గల్లీలో వాళ్ళ పడుగు పరిచి ఉంది. పండగ చీరలకని తెచ్చిన సన్ననూలు. గంజి పట్టించడం అయిపోయింది, దారాలు మెరుస్తున్నాయి. ఆ తడి ఆరేదాకా ఎవరూ దగ్గరికి కూడా పోరు. ముసలాయన కొడుకును తీసుకుపోయి పడుగుకు ఆనించినట్టు నిలబెట్టాడు, వీపు పడుగు వైపు, ముఖం తన వైపు. తాను కొంచెం దూరం నడిచాడు. చేతిలో పనికిరాని నూలును చుట్టి తడిపి కట్టిన ముద్ద ఉంది, ఫుట్‌బాల్ అంత.

వదినకు ముందు అర్థమైంది. చాట పక్కన పడేసి లేచింది.

"మామా! ఏం చేస్తున్నవ్? వెనక పడుగున్నది!"

"ఉన్నదనే నిలబెట్టిన."

"నీ కొడుకు కూసుంటె ముద్ద పోయి పడుగు మీద పడ్తది. పచ్చి గంజి, దారాలన్ని తెగుతయ్. పండుగ కోక లేదు, ఇంట్ల నూక లేదు!"

"కూసుంటె గదా" అన్నాడు ముసలాయన. ఒంటి కన్నుతో కొడుకును చూశాడు. "ఇనురా. ఆ దినం ధోటా సప్పుడు మారింది నాకు ఇనబడ్డది. భయానికి కండ్లు మూసుకున్న. చూసుంటె జరుగుతుంటి. మూసుకున్న, నిలబడ్డ కాడ్నే ఉన్న. కండ్లు తెరిచి ఉంచు. గంతే."

కుంచెలు పట్టుకున్నవాళ్ళు అలాగే నిలబడిపోయారు. హాఫన్న పెదవులు తెల్లబడ్డాయి. కుడిచెయ్యి అప్పుడే సగం లేచింది. ముసలాయన ముద్దను రెండు చేతులతో పైకెత్తి విసిరాడు.

అది గాల్లో ఉండగానే హాఫన్న మోకాళ్ళు మడుచుకోవడం మొదలైంది, కళ్ళారా చూశాను. అంతలో ఆయన తల కొంచెం వెనక్కి తిరిగింది. వెనక దారాలు మెరుస్తున్నాయి. మోకాళ్ళు ఆగాయి, ముఖం మళ్ళీ ముందుకు తిరిగింది. ముద్ద నుదుటికి తగిలి, చప్పున శబ్దం చేసి, తండ్రి కాళ్ళ ముందు పడింది. గంజినీళ్ళు ముఖమంతా కారుతున్నాయి. రెండు కళ్ళూ గుడ్లు వెళ్ళబెట్టినట్టు తెరిచే ఉన్నాయి.

"మల్ల" అన్నాడు తండ్రి.

ఎండ ఎక్కేదాకా విసిరాడు. పడుగు మీద ఒక్కటీ పడలేదు. అయిపోయాక హాఫన్న పక్కకు పోయి గోడవారగా కక్కుకున్నాడు. వదిన నీళ్ళ చెంబు తెచ్చి వీపు రాస్తూ, "చాలు, ఇగ చాలు" అంటూనే ఉంది. ఆయన ముఖం ఎత్తి నన్ను చూసి, "భయం పోలే తమ్మీ" అన్నాడు. "దాని కన్న పెద్ద భయం వెనక పెట్టిండు మా నాయిన."

*

ఆ తర్వాత మా గల్లీవాళ్ళు మ్యాచికి పోవడం ఒక తంతు అయింది. గోనెసంచులు నెత్తిన కప్పుకుని తాడు చుట్టూ నిలబడేవారు. బంతి పైకి లేచిందంటే చాలు, ఆడా మగా గొంతు కలిపి "పడుగు! పడుగు!" అని అరిచేవారు. అవతలి జట్లకు అదేమిటో బోధపడేది కాదు. హాఫన్న ఒక్కసారి వెనక్కి చూసేవాడు. వెనక గోల్ స్తంభాలు తప్ప ఏమీ ఉండేవి కావు. ఆయన మాత్రం ముందుకు వచ్చి తలతో కొట్టేవాడు. అందంగా కొట్టేవాడని చెప్పలేను. నిప్పును ముట్టుకుంటున్నట్టు కొట్టేవాడు. కానీ కొట్టేవాడు. జట్టు ఫైనల్ దాకా వచ్చింది. మాస్టరు గొడుగు కింద నిలబడి తల ఊపడం నేను చూశాను.

ఫైనల్ రోజు పొద్దుటి నుంచి ముసురు. ఆనాటి బంతి తోలుది, నోరు తాడుతో కుట్టి ఉండేది. నీళ్ళు పీల్చి రాయిలా బరువెక్కింది. ఆట సగం దాటేదాకా రెండువైపులా గోల్ లేదు. అప్పుడు అవతలివాళ్ళ వెనక వరుస నుంచి ఒక బంతి చాలా ఎత్తుకు లేచింది. "పడుగు!" అని అరిచాం. హాఫన్న వెనక్కి చూశాడు, ముందుకు వచ్చాడు, కళ్ళు తెరిచే కొట్టాడు. బంతి దూరంగా పోయింది. మేం చప్పట్లు కొట్టబోతుండగా ఆయన రెండు చేతులూ ముఖానికి పోయాయి. వేళ్ళ సందుల్లోంచి ఎర్రగా కారింది. ఆ కుట్టుతాడు ఎడమ కనుబొమ్మను కోసింది.

ఆయన అరవలేదు. అరిస్తే బాగుండేది. నోరు తెరుచుకుని ఉంది, శబ్దం లేదు. అలాగే ముఖం పట్టుకుని పరుగెత్తడం మొదలుపెట్టాడు. రెఫరీ ఏదో అన్నాడు, జట్టువాడొకడు చెయ్యి పట్టుకోబోయాడు. విదిలించుకుని మా వైపు వచ్చేశాడు. మోకాలెత్తున తాడు అడ్డం వచ్చింది. కళ్ళు కప్పుకుని, నెత్తురు కారుతూ, అంత భయంలోనూ ఆయన ఆగాడు. వంగి, నేలకు ఆనుకుని, ఆ తాడు కింద నుంచి దూరి వచ్చాడు. ఆయన గురించి తలచుకుంటే ఇప్పటికీ నాకు ముందు కనబడేది అదే.

తండ్రి ముందు మోకాళ్ళ మీద పడ్డాడు. "నాయినా, కన్ను పోయింది. పోయిందే నాయినా!"

వదిన నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. ముసలాయన వంగి, కొడుకు చేతులు బలవంతంగా విడదీసి, బొటనవేలితో నెత్తురు తుడిచాడు. తన చెయ్యి ఎత్తి పట్టాడు.

"ఎన్ని వేళ్ళు?"

"కనబడ్తలే... ఏం కనబడ్తలే..."

"ముందుగాల కండ్లు తెరువురా!"

హాఫన్న ఒక కన్ను తెరిచాడు. ముసలాయన ఆ కంటిని తన అరచేతితో మూసేశాడు. అప్పుడు ఎడమది మెల్లగా విచ్చుకుంది. నెత్తురులో మునిగి ఉంది.

"ఎన్ని?"

"...రెండు."

"సరిగ చూడు."

"రెండు నాయినా. రెండు."

ముసలాయన కాళ్ళు మడిచి అక్కడే బురదలో కూర్చున్నాడు. "పో, ఆడు" అన్నాడు. అదే క్షణాన మైదానం అవతలి వైపు కేకలు లేచాయి. నడుమ ఖాళీగా ఉన్న చోటు నుంచి దూసుకువచ్చి వాళ్ళు గోల్ కొట్టారు. చెప్పకుండా బయటికి పోయినవాణ్ణి రెఫరీ మళ్ళీ రానివ్వలేదు. ఆ ఒక్క గోల్‌తో మన జట్టు ఓడింది.

నా వార్తలో అది ఒక్క వాక్యం అయింది. సెంటర్ హాఫ్ గాయపడి మైదానం వీడారు. మాస్టరు కూడా ఎక్కువ మాట్లాడలేదు. "తల పనిచేసింది. కాళ్ళే పారిపోయాయి" అన్నాడు. దసరా వెళ్ళగానే సోమవారం సాంచా ఖాతాకు రమ్మన్నారు.

*

ఆ సోమవారం మిల్లు భోంగా కూత పెట్టేసరికి నేను వాళ్ళ గడప ముందు నిలబడి ఉన్నాను. హాఫన్న స్నానం చేసి, ఉతికిన చొక్కా వేసుకుని వచ్చాడు. గేటు చేరకముందే ఆ చొక్కా చెమటకు వీపుకు అతుక్కుపోయింది. కన్ను పోయిన నాటి నుంచి మిల్లు వైపే రాని ముసలాయన ఆ రోజు గేటు దాకా వచ్చాడు. కొడుకుతో "తెరిచి ఉంచు" అన్నాడు. అంతే. హాఫన్న గోడకు చెయ్యి ఆనించి లోపలికి నడిచాడు. వెనక్కి తిరిగి చూడలేదు.

నేను నా పనిమీద పోయాను. ఏ పనీ చేయలేదు. సాయంత్రం భోంగా వేళకు మళ్ళీ గేటు దగ్గర ఉన్నాను. వదిన అక్కడే గోడ పక్కన చాట ఒళ్ళో పెట్టుకుని కూర్చుని ఉంది. పొద్దుటి నుంచి ఇంటికి పోలేదట. గేటు జవాను, "ఏ బాయీ, ఇథే నకో బసూ" అని, ఇక్కడ కూర్చోవద్దని తరుముతుంటే, "నీ గేటేమన్న ఎత్తుకపోతున్ననా? బీడీ చుట్టుకుంటున్న" అని దబాయిస్తోంది. చాటలో బీడీ ఒక్కటి కూడా లేదు. ఆకులు కత్తిరించినవి కత్తిరించినట్టే ఉన్నాయి.

కూలీలు నెత్తిన దూది నలుసులతో గుంపులుగా బయటికి వచ్చారు. ప్రతి పొడుగు మనిషినీ చూసి ఆమె లేచి, మళ్ళీ కూర్చుంది. గుంపు పలచబడింది. గేటు మూయబోతుండగా ఆయన వచ్చాడు. మాకెదురుగా నిలబడ్డాడు. ముఖం పాలిపోయి ఉంది. ఆమె చెయ్యి ఎత్తి చూపింది.

"ఎన్ని?"

ఆయన ఆ చేతిని చాలాసేపు చూశాడు.

"నాలుగు" అన్నాడు. "బొటనవేలు మడిచినవ్. చూపుడువేలికి పొగాకు అంటుకున్నది."

ఆమె చాటతో ఆయన భుజం మీద ఒక్కటి కొట్టింది. "గంతసేపు పడ్తదా చెప్పనీకె? పానం పోయింది నాకు!" కత్తిరించిన ఆకులన్నీ రోడ్డు మీద పడ్డాయి. ముగ్గురం కూర్చుని ఏరుకున్నాం.

అప్పటి నుంచి ప్రతి సాయంత్రం గడప బయటే ఆ ప్రశ్న. జవాబు చెప్పాకే కాళ్ళకు నీళ్ళు. ఒక్కోరోజు కావాలని "ఏం కనబడ్తలే" అని తడుముకున్నట్టు నటించేవాడు. ఆమె తిట్లు గల్లీ అంతా వినేది. భయం పోయిందని మాత్రం ఎవరూ అనుకోవద్దు. నేను ఆ ఊరు వదిలేదాకా ఆయన ప్రతి పొద్దునా ఆస్పత్రికి పోయే మనిషిలాగే పోయేవాడు. ఆట మళ్ళీ ఆడలేదు. సెలవు రోజుల్లో ఎవరి పడుగైనా పరిచి ఉంటే, కింద నుంచి ఒక బంతిని అవతలికి పంపి, అది దారానికి తగలకుండా పోవడం చూసి ఊరుకునేవాడు.

*

దుప్పట్లాయన నేను తీసుకున్నదాన్ని కాగితంలో చుడుతున్నాడు.

"కళ్ళు?" అని అడిగాను.

"రెండు ఉండె సార్. ధోటా ఒక్కనాడు సుత తగల్లే. మంచిగ రిటైర్ అయిండు. ఆఖర్ల మోతిబిందు వచ్చింది. ఆపరేషన్ చేపిద్దామంటె, కంటి కాడికి కత్తి తెస్తరా అని దవాఖాన నుంచి ఉరికొచ్చిండు." నవ్వాడు. "రెండు కండ్లకు పొర కమ్మింది. ఏం కనబడకపోతుండె."

"మరి వదిన, సాయంత్రాలు..."

"అడుగుతుండె. అడగకుంటె అత్తకు అన్నం పోతదా? పొర వచ్చినంక రెండు వేళ్ళే చూపెడుతుండె. ఎప్పటికి రెండే. మామ రెండు అంటుండె. ఇద్దరికి ఎరికే. ఎవ్వలు అనకపోతుండె."

దారం బిగించి ముడి వేశాడు. పొట్లం నా చేతికి ఇవ్వకుండా కాసేపు ఒళ్ళోనే పెట్టుకున్నాడు.

"ఆఖరు దినం మేమంత అక్కడ్నే ఉన్నం సార్. అత్త రెండు చేతులతోని మామ తల పట్టుకోని కూసున్నది. వేళ్ళు ఏడ చూపెడ్తది? అడగలే. మామనే అన్నడు, రెండు అని."